కాలాన్ని వెనక్కి తిప్పే బాకు: మన చంద్రగిరి గేమ్‌కి ఏ రూల్ పెట్టాలి?

కోటవీధి_కిట్టు · శనివారం రాత్రి 9:14

అందరికీ నమస్తే. తిరుపతిలో మేం నలుగురం కలిసి మొబైల్‌కి ఒక గేమ్ చేస్తున్నాం. కథ చంద్రగిరి కోటలో జరుగుతుంది. హీరో చేతికి కాలాన్ని వెనక్కి తిప్పే వస్తువు దొరుకుతుంది. ఐడియా ఎక్కడిదో దాచేదేం లేదు, 2003లో వచ్చిన ప్రిన్స్ ఆఫ్ పర్షియా: శాండ్స్ ఆఫ్ టైమ్ గేమ్‌లోని బాకు.

రివైండ్ బాగానే పనిచేస్తోంది. గొడవేంటంటే, ఆడేవాళ్లకి భయం లేదు. రాజమహల్ మూడో అంతస్తు నుంచి పడినా నవ్వుకుంటూ బటన్ నొక్కేస్తున్నారు. ఎన్నిసార్లయినా నొక్కొచ్చు కాబట్టి. ఐదుసార్లే అని లెక్క పెట్టి చూశాం. అప్పుడు చిరాకు పడ్డారు. మరి ఆ బాకుకీ లెక్క ఉంది కదా, దాన్ని ఎవరూ తిట్టుకోలేదేం?

ఇసుకరాజు · 9:41

తిట్టుకోలేదని ఎవరు చెప్పారు కిట్టూ? నేను బోలెడంత తిట్టుకున్నా. కాకపోతే గేమ్‌ని కాదు, నన్ను.

ఆడనివాళ్ల కోసం చెప్తా. బాకు పిడిలో ఇసుక ఉంటుంది. బటన్ నొక్కి పట్టుకుంటే కొన్ని సెకన్లు వెనక్కి వెళ్తాం. వాడినప్పుడల్లా ఒక ఇసుక తొట్టి ఖాళీ. మళ్లీ నిండాలంటే ఇసుక రాక్షసుణ్ణి కింద పడగొట్టి, వాడు లేచేలోపు బాకు దింపాలి. అదే బాకుతో కాలాన్ని నెమ్మదిగా నడిపించొచ్చు, శత్రువుని బిగుసుకుపోయేలా చేయొచ్చు. ప్రాణానికి తెగించి సంపాదించిన ఇసుకనే ప్రాణం కాపాడుకోవడానికి ఖర్చు పెడతాం. మీ ఐదు ఛాన్సులు ఊరికే ఇచ్చినవి. ఊరికే వచ్చినదానికి లెక్క పెడితే ఎవరికైనా చిరాకే.

నాకు అంతకన్నా నచ్చిన సంగతి ఇంకోటుంది. బటన్ నొక్కితే కూలిన స్తంభం లేస్తుంది, పోయిన ప్రాణం వస్తుంది, ఖర్చయిన ఇసుక మాత్రం తిరిగి రాదు. ప్రపంచమంతా వెనక్కి నడుస్తున్నా బాకు నడవదు. అది తిప్పే కాలంలో అది ఉండదు.

తిన్నగా_చెప్తా · 9:58

లెక్క లేకపోతే బోర్ కొడుతుందనేది పాత మాట. 2008లో వచ్చిన బ్రెయిడ్ అనే పజిల్ గేమ్‌లో ఎంత కావాలంటే అంత రివైండ్. అయినా బుర్ర వేడెక్కిపోతుంది. పచ్చగా మెరిసే వస్తువులు రివైండ్‌కి లొంగవు, వాటి మీదే పజిల్స్ కట్టారు. మీ గేమ్‌లో భయం లేనిది లిమిట్ లేక కాదు, కోట ఖాళీగా ఉండి. మీరు పెట్టిన బిల్డ్ (ఇప్పటిదాకా తయారైన గేమ్) ఆడాను. గోడలు తప్ప ఏమున్నాయి?

కోటవీధి_కిట్టు · 10:02

అన్నా అది ప్రోటోటైప్.

తిన్నగా_చెప్తా · 10:03

తెలుసు. అందుకే తిన్నగా చెప్పా.

ఇసుకరాజు · 10:11

సరిగ్గా నా మాటనే నువ్వూ అన్నావు. ఆ పచ్చ వస్తువులు కూడా కాలానికి లొంగనివేగా. అన్నీ వెనక్కి వస్తే ఆట లేదు. ఏదో ఒకటి రాకుండా మిగలాలి. అది ఇసుకా, తాళంచెవా అన్నది తర్వాతి సంగతి.

రేణిగుంట_రేణుక · 10:37

ఆ బాకు కథలో మనదే, ఇది ఎవరికీ పట్టదేం? పర్షియా సైన్యం ఇండియాలో ఒక మహారాజు కోట మీద పడుతుంది. యువరాజు ఖజానాలోంచి బాకు ఎత్తుకుపోతాడు. పెద్ద ఇసుక గడియారం కూడా అక్కడిదే. ఫరా ఆ మహారాజు కూతురు. మహారాజుకి పేరుండదు, ఊరు పేరు అంతకన్నా ఉండదు. ద్రోహం చేసిన వజీరు కూడా ఆయన దగ్గర పనిచేసేవాడే.

ఇక చివరికి వస్తే, ఆడనివాళ్లు ఈ పేరా వదిలేయండి. ఫరా చనిపోయాక యువరాజు బాకుని ఇసుక గడియారంలో దించుతాడు. కాలం దాడికి ముందు రాత్రి దాకా వెళ్లిపోతుంది. అతను తన శిబిరంలో లేచి చూసుకుంటే చేతిలో బాకు. కానీ ఆ రాత్రికి బాకు ఇంకా మహారాజు ఖజానాలోనే ఉండాలి కదా! రెండు బాకులున్నట్టా? ఖజానాలోది మాయమైనట్టా? నా లెక్క ప్రకారం ఇది పెద్ద చిల్లు.

ఇసుకరాజు · 10:52

చిల్లు కాదు రేణుకా. బాకు కాలానికి బయట ఉందంటే ఒకటే బాకు, ఎవరి చేతిలో ఉంటే అక్కడే ఉంటుంది. అతని జ్ఞాపకాలు కూడా చెరిగిపోలేదు. ఆ రాత్రే ఫరా గదికి వెళ్లి జరిగిందంతా చెప్తాడు, మనం ఆడిన గేమ్ మొత్తం ఆ చెప్పిన కథే. అందుకే మధ్యలో మనం చచ్చిపోతే "అబ్బే, అలా జరగలేదు" అన్నట్టు అతని గొంతు వినిపిస్తుంది. గేమ్ ఓవర్‌ని కూడా కథ చెప్పేవాడి తడబాటుగా మార్చేశారు. ఇరవై ఏళ్లు దాటినా ఇంత అందమైన గేమ్ ఓవర్ నాకు కనబడలేదు.

రేణిగుంట_రేణుక · 10:58

ఖజానా తెరిచి చూపించేదాకా నేను ఒప్పుకోను.

పాతపుస్తకం · ఆదివారం ఉదయం 6:20

చిత్తూరు నుంచి. నేను గేమ్స్ ఆడను, మనవడు ఈ పేజీ చూపించాడు. చరిత్ర పాఠాలు చెప్పి రిటైర్ అయినవాణ్ణి కాబట్టి రెండు మాటలు.

పర్షియావాళ్లు చంద్రగిరి మీద దండెత్తారని రాస్తే నవ్వుతారు. అలాగని సంబంధమే లేదనుకోవద్దు. పర్షియాని హెరాత్ నుంచి ఏలిన రాజు షారూఖ్ తన దూతగా అబ్దుర్ రజాక్‌ని పంపితే, ఆయన 1443లో విజయనగరం వచ్చి రెండో దేవరాయల కొలువు చూసి వర్ణించాడు. అంతకన్నా పనికొచ్చేది గుర్రాల వ్యాపారం. పర్షియా వైపున్న హొర్ముజ్ రేవు నుంచి ఓడల్లో గుర్రాలు పడమటి తీరానికి దిగేవి, రాయలు వాటికి బోలెడంత డబ్బు పోసేవారు. మీ కథకి పర్షియా బాకే కావాలంటే సైన్యం అక్కర్లేదు, ఒక గుర్రాల వర్తకుడు చాలు.

చంద్రగిరికి మంచి కథ సిద్ధంగానే ఉంది. కృష్ణదేవరాయల సోదరుడు అచ్యుతరాయలను ఆ కోటలోనే నిర్బంధంలో ఉంచారని చరిత్రకారులు రాశారు. 1529లో రాయలు పోయాక ఆయనే రాజయ్యాడు. బందీగా ఉన్న మనిషి ఒక్కసారిగా సింహాసనం మీదికి వచ్చిన చోటు అది. దాన్ని వదిలేసి ఇసుక రాక్షసులెందుకు నాయనా?

ఇంకొకటి. మన దగ్గర కాలాన్ని కొలిచింది బాకుతో కాదు, గిన్నెతో. పల్చటి రాగి గిన్నెకి అడుగున సన్నటి చిల్లు పెట్టి నీళ్ల తొట్టిలో వదిలేవారు. నీళ్లు ఎక్కి ఎక్కి గిన్నె మునిగితే ఒక గడియ, అంటే 24 నిమిషాలు. వెంటనే గంట కొట్టి గిన్నె ఖాళీ చేసి మళ్లీ వదిలేవారు. రోజుకి 60 గడియలు. గడియలో అరవయ్యో వంతు విఘడియ, 24 సెకన్లు. భాగవతం మూడో స్కంధంలో ఆ గిన్నె కొలతలు కూడా ఉన్నాయి: ఆరు పలాల రాగి, నాలుగు మాషాల (ఇవి పాత తూకాలు) బంగారంతో నాలుగంగుళాల సూది చేసి దానితో పొడిచిన చిల్లు. పాత పంచాంగాల్లో తిథికీ నక్షత్రానికీ గడియలు, విఘడియలే ఉండేవి.

కోటవీధి_కిట్టు · 7:45

సార్, మీరు రాసింది మా నలుగురికీ చదివి వినిపించా. గిన్నె అదిరిపోయింది. కానీ దానితో కాలాన్ని వెనక్కి తిప్పడమెలా? గిన్నె బోర్లిస్తేనా?

తిన్నగా_చెప్తా · 8:10

సార్‌కి నమస్కారం. గిన్నె పట్టుకుని గోడలెక్కే హీరోని మాత్రం నేను చూడలేను.

రాళ్ళ_రమ్య · 9:30

జియాలజీ చదువుతున్నా, కాబట్టి నాది రాళ్ల గోల. తిరుమల ఘాట్ రోడ్డులో ఒక చోట కింద చాలా పాతదైన ఆర్కియన్ కాలపు గ్రానైట్, దాని మీద నగరి క్వార్ట్‌జైట్ అనే రాతి పొరలు కనిపిస్తాయి. ఈ రెండింటి మధ్య దాదాపు 80 కోట్ల ఏళ్ల రికార్డు లేదు. ఎపార్కియన్ అన్‌కన్ఫార్మిటీ అంటారు. జియలాజికల్ సర్వే దాన్ని జాతీయ భూవారసత్వ చిహ్నంగా గుర్తించింది. బస్సులో అందరూ గోవిందా అంటూ దాని పక్కనుంచే వెళ్తారు, ఒక్కరూ తల తిప్పి చూడరు.

గేమ్‌లో ఎలా పనికొస్తుందంటే: రివైండ్ చేసిన ప్రతిచోటా గోడ మీద సన్నటి గీత మిగలనివ్వండి. కింద రాయి ఒక రంగు, పైన ఒక రంగు. అక్కడ కొంత కాలం పోయిందని గుర్తు. ఎక్కువసార్లు రివైండ్ చేసినవాడి కోట నిండా గీతలే. మార్కులు తగ్గించక్కర్లేదు, వాడికే సిగ్గేస్తుంది.

కోర్లగుంట_కోడర్ · 11:05

నైట్ షిఫ్ట్ అయ్యి ఇప్పుడే లేచా. టెక్నికల్‌గా రెండు మాటలు చెప్పి తర్వాత డిజైన్‌లో వేలు పెడతా.

కిట్టూ, మీ బిల్డ్‌లో ప్రతి ఫ్రేమ్‌కీ (తెర మీద మారే ఒక్కో బొమ్మకీ) అన్నీ సేవ్ చేస్తున్నారు, అందుకే చిన్న ఫోన్లు వేడెక్కుతున్నాయి. లెక్క చూడు. సెకనుకి 60 ఫ్రేములు, 10 సెకన్లు అంటే 600 రికార్డులు. ఒక్కో రికార్డుకి 40 బైట్లు అనుకుంటే ఒక వస్తువుకి 24 కిలోబైట్లు. వస్తువులు 50 ఉంటే 1.2 మెగాబైట్లు. పర్లేదు అనిపిస్తుంది, కానీ మీరు 24 సెకన్లకి పెంచి, భటుల్నీ పావురాల్నీ కలిపితే ఊరికే పెరుగుతుంది. సెకనుకి 10 రికార్డులు తీసి మధ్యవి లెక్కగట్టి నింపేయండి, ఆరో వంతుకి వచ్చేస్తుంది. కదలని వస్తువుకి రికార్డే వద్దు. ర్యాండమ్ సీడ్‌ని (భటుడు ఎటు తిరగాలి లాంటివి తేల్చే లెక్కకి మొదటి సంఖ్య) మాత్రం తప్పకుండా దాచండి. లేకపోతే రివైండ్ అయ్యాక భటుడు ఈసారి ఎడమకి తిరుగుతాడు, ఆడేవాడు మోసం అంటాడు. శాండ్స్ ఆఫ్ టైమ్‌ని 32 మెగాబైట్ల మెమరీ ఉన్న ప్లేస్టేషన్ 2 మీద ఆడించారు. మీ చేతిలో దానికి వంద రెట్లు ఉంది, ఏడవద్దు.

ఇప్పుడు డిజైన్. గిన్నెని రికార్డ్ చేయకండి. అంతే. రివైండ్ నొక్కితే భటులు వెనక్కి, పావురాలు వెనక్కి, హీరో వెనక్కి. గిన్నెలోకి నీళ్లు మాత్రం ముందుకే ఎక్కుతుంటాయి. పది సెకన్లు వెనక్కి వెళ్తే ఆ పది సెకన్లు గిన్నెలో పోయినట్టే. విడిగా ఖర్చు పెట్టక్కర్లేదు, ఛాన్సులు లెక్క పెట్టక్కర్లేదు. కోడ్‌లో ఒక లైన్ రాయడం కాదు, ఒక లైన్ తీసేయడం.

ఇసుకరాజు · 11:19

కోడరన్నా!! 1989లో ఆపిల్ 2 కంప్యూటర్ మీద వచ్చిన మొట్టమొదటి ప్రిన్స్ ఆఫ్ పర్షియాలో ఇదే రూల్. రాకుమారిని గంటలోపు కాపాడాలి. చచ్చిపోతే లెవెల్ మొదటికి వస్తావు, గడియారం మాత్రం మొదటికి రాదు. ఎన్నిసార్లయినా చావొచ్చు, గంట ఒక్కటే. పధ్నాలుగేళ్ల తర్వాత చేతికి బాకు ఇచ్చి ఆ గడియారాన్ని తీసేశారు. మీరు రెండూ కలిపేస్తున్నారు.

రేణిగుంట_రేణుక · 11:40

ఇలాంటిదే జెల్డా గేమ్‌ల్లో ఉంది. 2000లో వచ్చిన మజోరాస్ మాస్క్‌లో మూడు రోజుల్లో చందమామ ఊరి మీద పడిపోతుంది. ఒకరీనా అనే పిల్లనగ్రోవి లాంటిది ఊదితే మొదటి రోజుకి వెళ్తాం. చేతిలో ఉన్న డబ్బు, బాణాలు పోతాయి. బ్యాంకులో వేసిన డబ్బు మాత్రం పోదు! బ్యాంకు ఆయన కాలానికి ఎలా అతీతుడయ్యాడో ఎవరూ అడగరు. మూడు రోజులంటే నిజం టైమ్‌లో 54 నిమిషాలు, మీకు 24.

సరే, నా గోల. హీరో ఎవరు? అచ్యుతరాయలు వద్దు. ఆయన రాజవుతాడని అందరికీ తెలుసు, టెన్షన్ ఏముంటుంది? గిన్నె దగ్గర కూర్చుని గంట కొట్టేవాణ్ణి హీరో చేయండి. కోటలో వాడి గంట వినని మనిషి లేడు, వాడి పేరు ఎవరికీ తెలియదు. బందీకి చీటీ చేర్చాలి, గంట కొట్టే వేళకి తిరిగి తొట్టి దగ్గర ఉండాలి. లేటైతే కాపలావాళ్లకి అనుమానం. అప్పుడు గిన్నె పట్టుకుని గోడ ఎక్కక్కర్లేదు, తిన్నగా అన్నయ్యకీ శాంతి. గిన్నె తొట్టిలోనే ఉంటుంది, వాడే దాని నుంచి పారిపోతుంటాడు.

తిన్నగా_చెప్తా · 11:52

ఇది బాగుంది. నిజంగానే.

పాతపుస్తకం · మధ్యాహ్నం 12:30

రేణుకమ్మా, చక్కగా చెప్పావు. పాత కొలువుల్లో కాపలా మారడం, తలుపులు మూయడం అన్నీ ఆ గంట మీదే నడిచేవి.

మీ పిల్లల మాటలు చదువుతుంటే భాగవతంలో రేవతి కథ గుర్తొచ్చింది. కూతురికి తగిన వరుణ్ణి అడుగుదామని కకుద్మి అనే రాజు ఆమెను తీసుకుని బ్రహ్మలోకం వెళ్తాడు. అక్కడ పాట జరుగుతోందని కాసేపు ఆగుతాడు. అడిగేసరికి బ్రహ్మ నవ్వి, భూమ్మీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయి, నువ్వు అనుకున్నవాళ్లు, వాళ్ల మనవలు కూడా లేరంటాడు. తర్వాత రేవతిని బలరాముడికి ఇస్తారు. కకుద్మీ కాలాన్ని వెనక్కి తిప్పమని అడగలేదు, బ్రహ్మా తిప్పుతానని అనలేదు. చిన్నప్పుడు చదివినప్పుడు నాకు ఇదే వింతగా ఉండేది.

ఇసుకరాజు · 1:15

సార్, వెనక్కి తిప్పినవాడి గతి రెండో గేమ్‌లో చూపించారు. 2004లో వచ్చిన వారియర్ విదిన్. యువరాజు చావాల్సిన వేళకి చావలేదని కాలానికి కాపలా ఉండే దహాకా వెంట పడుతుంది. ఏడేళ్లు పరుగు. చివరికి ఇసుకే పుట్టకుండా చేద్దామని కాలద్వీపానికి వెళ్లి, గతంలోకి దిగి, ఇసుకని సృష్టించే మహారాణిని చంపుతాడు. ఆమె చావు వల్లే ఇసుక పుడుతుంది.

పాతపుస్తకం · 1:28

పరీక్షిత్తు కథే. పాము రాకూడదని ఒంటిస్తంభం మేడ కట్టుకుంటే పండులో పురుగై వచ్చింది తక్షకుడు.

కోర్లగుంట_కోడర్ · 2:10

కథలు బాగున్నాయి, కిట్టు మాత్రం పరీక్షల ముందు గేమ్ పూర్తి చేయాలి. తేల్చాల్సినవి తేల్చండి. గిన్నె మునిగితే ఏమవుతుంది? గేమ్ ఓవరా?

కోటవీధి_కిట్టు · 2:34

మేం మాట్లాడుకున్నది ఇది. మునిగితే గేమ్ ఓవర్ కాదు. గంట కొట్టడానికి వాడు లేడు కాబట్టి ఆ గడియకి గంట మోగదు. కాపలా మారదు, అలసిపోయిన భటులే ఉంటారు, అనుమానంగా ఉంటారు. తర్వాతి గడియ ఇంకా కష్టం. మూడుసార్లు గంట కొట్టడం తప్పితే దొరికిపోతాడు. ఒక రివైండ్ గరిష్ఠంగా ఒక విఘడియ, 24 సెకన్లు. రమ్యక్క చెప్పిన గీతలు పెడుతున్నాం. రాజమహల్ కట్టడంలో కలప లేదు, ఇటుక, రాయి, సున్నమే. కాబట్టి గోడ మీద గీత బాగా కనిపిస్తుంది.

బాకు తీసేశాం. గుర్రాల వర్తకుడు ఉంటాడు, వాడి నడుముకి బాకు ఉంటుంది, దానితో ఏమీ జరగదు. ఆడినవాళ్లు ఎత్తుకుపోయి పనిచేస్తుందేమోనని ట్రై చేస్తే చేయనీ.

ఇసుకరాజు · 2:41

నేను మొదటి పని అదే చేస్తా, రాసిపెట్టుకో.

తిన్నగా_చెప్తా · 2:50

24 నిమిషాలు ఫోన్‌లో ఎక్కువ. తిరుపతి నుంచి చంద్రగిరికి బస్సులో వెళ్తూ ఆడేవాడికి మధ్యలో తుమ్మలగుంట దగ్గర సిగ్నల్ కూడా ఉండదు. సగం గిన్నె పెట్టండి.

రాళ్ళ_రమ్య · 2:57

ఆఫ్‌లైన్ గేమ్‌కి సిగ్నల్ ఎందుకండీ?

తిన్నగా_చెప్తా · 2:58

మాటవరసకి అన్నా మేడమ్.

పాతపుస్తకం · 3:20

గడియని సగం చేయవద్దు. కావాలంటే గిన్నె అప్పటికే సగం మునిగి ఉండగా కథ మొదలుపెట్టండి. మొదటిసారి ఆడేవాడికి 12 నిమిషాలే, ఆ తర్వాత నిండు గడియ. గంట కొట్టేవాడు నిద్రపోయి లేచాడని చెప్పండి, సరిపోతుంది.

కోటవీధి_కిట్టు · 3:26

సార్, మీరు మా టీమ్‌లో చేరిపోండి. పేరు క్రెడిట్స్‌లో వేస్తాం. వచ్చే ఆదివారం కొత్త బిల్డ్ పెడతా. 2 జీబీ ర్యామ్ పాత ఫోన్లు ఉన్నవాళ్లు ఇక్కడ చెప్పండి, మీ దగ్గర ఆడితేనే నాకు ధైర్యం.

రేణిగుంట_రేణుక · 3:40

మా నాన్న ఫోన్ ఉంది, స్క్రీన్ మూల పగిలింది, పర్లేదా? ఇంకో సంగతి, రివైండ్ అప్పుడు పావురాల చప్పుడు తిరగేసి వినిపించండి, నీటి బొట్టు శబ్దం మాత్రం మామూలుగా. చూపించక్కర్లేకుండానే తెలిసిపోతుంది.

కోర్లగుంట_కోడర్ · 3:48

అది సులువే, రెండు ఆడియో ఛానెళ్లు. కిట్టూ, కాల్ వస్తే గిన్నె ఆగాలి, అది ముందు చెయ్. మా అమ్మ ఫోన్ చేసి అన్నం తిన్నావా అని అడిగేలోపు గిన్నె మునిగిపోతే నేను ఒకటే స్టార్ ఇస్తా.